తెలుగు సినిమాలో ప్రొడక్షన్ డిజైనర్, ప్రొడక్షన్ మేనేజర్: తరచుగా అడిగే ప్రశ్నలు

సినిమాల్లోకి రావాలనుకునేవాళ్ళ ఆలోచన చాలావరకు నటన, దర్శకత్వం, కెమెరా దగ్గరే ఆగిపోతుంది. తెర మీద కనిపించే గోడ రంగు ఎవరు నిర్ణయిస్తారో, ఆ గోడ దగ్గరికి పొద్దున్నే ఆరింటికల్లా రెండొందల మందిని ఎవరు చేరుస్తారో పట్టించుకునేవాళ్ళు తక్కువ. ఆ రెండు పనుల గురించి కుర్రవాళ్ళు, వాళ్ళ అమ్మానాన్నలు అడిగే ప్రశ్నలివి. జవాబులు హైదరాబాద్ కేంద్రంగా నడిచే తెలుగు సినిమాను దృష్టిలో పెట్టుకుని రాసినవి.

ప్రొడక్షన్ డిజైనర్ అంటే సెట్లు వేసేవాళ్ళేనా?

సెట్లు ఆ పనిలో ఒక భాగం మాత్రమే. కథ జరిగే లోకం మొత్తం ఎలా ఉండాలో తేల్చేది ప్రొడక్షన్ డిజైనర్. హీరో ఇల్లు డాబానా, పెంకుటిల్లా? వంటింట్లో గ్యాస్ పొయ్యి ఉందా, కిరోసిన్ స్టవ్వా? గోడకు వేలాడే క్యాలెండర్ ఏ కిరాణా కొట్టుది? ఇవన్నీ ఆయన పరిధిలోకి వస్తాయి. దర్శకుడితో, కెమెరామన్‌తో, కాస్ట్యూమ్ డిజైనర్‌తో కూర్చుని సినిమా రంగులు కూడా ముందే ఖాయం చేసుకోవాలి. గోడా నీలమే, చీరా నీలమే అయితే హీరోయిన్ గోడలో కలిసిపోతుంది. సినిమా చూసేటప్పుడు ఇలాంటివి మనకు గుర్తు రాకపోతే ఆయన పని బాగా చేసినట్టే.

మరి ఆర్ట్ డైరెక్టర్ ఎవరు?

మన దగ్గర చాలాకాలం రెండు పనులూ ఒక్కరే చేశారు, టైటిల్స్‌లో "కళ" అని పేరు పడేది. 1957లో వచ్చిన మాయాబజార్‌కి మాధవపెద్ది గోఖలే, కళాధర్ కళా దర్శకులు. ప్రొడక్షన్ డిజైనర్ అనే హోదా హాలీవుడ్‌లో పుట్టింది. 1939లో గాన్ విత్ ద విండ్ సినిమాకి విలియం కామెరాన్ మెంజీస్ చేసిన పనికి నిర్మాత సెల్జ్‌నిక్ ఆ పేరు పెట్టారు. ఆస్కార్ వాళ్ళు కూడా 2012లో తమ అవార్డు విభాగం పేరును ఆర్ట్ డైరెక్షన్ నుంచి ప్రొడక్షన్ డిజైన్‌కి మార్చుకున్నారు.

ఇప్పుడు పెద్ద సినిమాల్లో ఇద్దరూ ఉంటారు. డిజైనర్ సినిమా రూపాన్ని ఆలోచిస్తారు, ఆర్ట్ డైరెక్టర్ దాన్ని ఫ్లోర్ మీద నిలబెట్టే పనిని నడిపిస్తారు. 2018లో వచ్చిన మహానటికి ప్రొడక్షన్ డిజైన్ కొల్లా అవినాష్ చేస్తే, కళా దర్శకుడిగా తోట తరణి పనిచేశారు. చిన్న సినిమాలో మాత్రం ఈ తేడా టైటిల్ కార్డు మీదే ఉంటుంది. ఒకే మనిషి స్కెచ్ గీస్తారు, మేకులు కొనుక్కొస్తారు.

ప్రొడక్షన్ మేనేజర్, ప్రొడక్షన్ ఎగ్జిక్యూటివ్, కంట్రోలర్, లైన్ ప్రొడ్యూసర్... ఇన్ని పేర్లు ఎందుకు? ఎవరు ఎవరి కింద?

బ్యానర్‌ను బట్టి మారుతుంది. మామూలుగా కిందినుంచి చూస్తే, టీ, టిఫిన్లు, కుర్చీలు చూసుకునే ప్రొడక్షన్ బాయ్స్, వాళ్ళ పైన రోజువారీ పని నడిపే ప్రొడక్షన్ మేనేజర్లు, వాళ్ళ పైన షెడ్యూలు మొత్తం బాధ్యత తీసుకునే ఎగ్జిక్యూటివ్ లేదా కంట్రోలర్ ఉంటారు. లైన్ ప్రొడ్యూసర్ బడ్జెట్ మొత్తాన్ని చూస్తారు. ఫలానా దేశంలోనో, ఫలానా రాష్ట్రంలోనో షూటింగ్ వరకే బాధ్యత తీసుకునేవాళ్ళనీ లైన్ ప్రొడ్యూసర్ అనే అంటారు. ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్ అనేది ఒక్కో సంస్థలో ఒక్కో రకం. ఒకచోట నిర్మాతకు కుడిభుజం, ఇంకోచోట గౌరవంగా వేసే కార్డు. ఉద్యోగంలో చేరేటప్పుడు హోదా పేరు చూసి మురిసిపోకండి. డబ్బు చెల్లింపుల మీద సంతకం ఎవరిదో అడగండి, అసలు వరుస అర్థమవుతుంది.

స్క్రిప్టు చేతికి రాగానే డిజైనర్ మొదట ఏం చేస్తారు?

చదువుతారు. నవ్వకండి, స్క్రిప్టు పూర్తిగా చదవకుండా నెట్‌లో రిఫరెన్స్ ఫొటోలు వెతకడం మొదలుపెట్టే అసిస్టెంట్లు బోలెడంత మంది.

మొదటిసారి కథ కోసం, రెండోసారి స్థలాల కోసం చదవాలి. ప్రతి సీనుకీ ఎక్కడ, ఏ వేళ, ఏ సంవత్సరం, ఏ వస్తువులు అని విడగొట్టి రాసుకుంటారు. దీన్నే బ్రేక్‌డౌన్ అంటారు. తర్వాత రెక్కీ (లొకేషన్లు వెళ్ళి చూసిరావడం), స్కెచ్‌లు, కొలతలతో ప్లాన్లు, అవసరమైతే త్రీడీ మోడల్.

కష్టమంతా కాలం దగ్గర ఉంటుంది. 1980ల పల్లెటూరు అంటే ఎడ్లబండి, లాంతరు పెట్టేస్తే సరిపోదు. ఏం ఉండకూడదో తెలియాలి. సెల్ టవర్, ప్లాస్టిక్ వాటర్ బాటిల్, కరెంటు స్తంభం మీద కేబుల్ టీవీ వైరు కనిపించకూడదు. దగ్గరి కాలాన్ని చూపించడం ఇంకా ప్రమాదం, ఎందుకంటే ప్రేక్షకులందరికీ ఆ కాలం గుర్తుంటుంది. 2013 నాటి హైదరాబాద్ చూపిస్తున్నారనుకోండి, బండి నంబర్ ప్లేటు ఏపీతో మొదలవ్వాలి. తెలంగాణ వచ్చిన 2014 జూన్ తర్వాత కొన్న బండికి టీఎస్, 2024 మార్చి తర్వాత రిజిస్టరైన బండికి టీజీ. గులాబీ రంగు రెండు వేల నోటు 2016 నవంబరుకు ముందు లేదు. 2010లో జరిగే సీన్లో విలన్ ఆ నోట్ల కట్ట విసిరితే, సినిమా విడుదలైన రోజు మధ్యాహ్నానికే దాని మీద మీమ్స్ వస్తాయి.

కొత్తగా కట్టిన గోడను పాతగా చూపించడం ఇంకో విద్య. దాన్ని ఏజింగ్ అంటారు. వానకు గోడ కింది భాగంలో తడి ఎంత ఎత్తుకి ఎక్కుతుంది, తలుపు పిడి దగ్గర రంగు ఎలా పోతుంది, వంటింటి పొగ ఏ మూలకు చేరుతుంది అని అసలు ఇళ్ళలో చూసి నేర్చుకున్న పెయింటర్ దొరికితే డిజైనర్ అదృష్టవంతుడు. ఈ పని చేసేవాళ్ళ పేర్లు బయట ఎవరికీ తెలియవు. సెట్ బాగుందని రివ్యూలో రాసినప్పుడు మెచ్చుకున్నది సగం వీళ్ళనే.

మేనేజర్ కూడా స్క్రిప్టు చదవాలా?

చదవాల్సిందే. డిజైనర్ చదివిన అదే పేజీని మేనేజర్ వేరే కళ్ళతో చదువుతారు. "ఊరి జాతర, రాత్రి, వాన" అని రచయిత మూడు మాటల్లో రాసేస్తాడు. మేనేజర్‌కి అందులో కనిపించేది రాత్రి కాల్‌షీట్ (రాత్రి షిఫ్టు పని), మూడు వందల మంది జూనియర్ ఆర్టిస్టులు, వాళ్ళకు బట్టలు మార్చుకునే చోటు, రెయిన్ ఎఫెక్ట్‌కి ట్యాంకర్లు, అదనపు జనరేటర్, తడిసినవాళ్ళకు టవళ్ళు, తెల్లవారుజామున వేడి టిఫిను, మర్నాడు పొద్దున కాల్‌షీట్ పెట్టలేకపోవడం. ఆ మూడు మాటలకు ఒక లెక్క తయారవుతుంది.

ఆ లెక్కలన్నీ కలిపితే షెడ్యూలు. నటుల డేట్లు, లొకేషన్ దొరికే రోజులు, సెట్ సిద్ధమయ్యే తేదీ, వాతావరణం, ఈ నాలుగూ ఒకేచోట కలవాలి. గోదావరి లంకల్లో జూలై, ఆగస్టు నెలల్లో షూటింగ్ పెట్టుకుంటే వరద వస్తుందని ఎవరైనా చెబుతారు. కానీ హీరో డేట్లు అప్పుడే ఉంటే? అందుకే కవర్ సెట్ ఉంచుకుంటారు. బయట వాన పడితే ఖాళీగా కూర్చోకుండా లోపల తీసుకోగల సీన్లను దగ్గర్లోనే సిద్ధంగా పెట్టుకోవడమన్నమాట. మూఢం రోజుల్లో ముహూర్తం పెట్టరు కాబట్టి మంచి రోజులు రాగానే నాలుగు సినిమాలు ఒకేసారి మొదలై, అందరికీ ఒకే కెమెరా యూనిట్, ఒకే జనరేటర్ వ్యాన్లు కావాల్సి వస్తాయి. ఇది ఏ ఫిల్మ్ స్కూల్ సిలబస్‌లోనూ ఉండదు.

ఇక రోజువారీ పని. ఎవరు ఎన్నింటికి ఎక్కడికి రావాలో చెప్పే రేపటి కాల్‌షీట్ ఈ సాయంత్రానికే అందరి ఫోన్లలో ఉండాలి. పొద్దున కృష్ణానగర్ దగ్గర యూనిట్ బస్సు బయల్దేరే వేళ నుంచి సాయంత్రం బేటాలు (రోజువారీ ఖర్చుల డబ్బు) పంచేవరకు ప్రతి రూపాయికీ వోచర్ ఉండాలి. ఎన్ని సీన్లు తీశారు, ఎంత ఆలస్యమైంది, ఎందుకైంది అని రోజూ రిపోర్టు రాయాలి. ఆ "ఎందుకు" అన్న గడిలో నిజం రాయగలిగిన మేనేజర్‌నే నిర్మాత తర్వాతి సినిమాకి పిలుస్తాడు.

అసలు లొకేషన్ ఉండగా అంత ఖర్చుపెట్టి సెట్ ఎందుకు వేస్తారు?

చాలాసార్లు సెట్టే చవక. వినడానికి విడ్డూరంగా ఉంటుంది కానీ లెక్క చూడండి.

2003లో వచ్చిన ఒక్కడు సినిమాకి అశోక్ కళా దర్శకత్వంలో చార్మినార్‌ను, చుట్టుపక్కల ఇళ్ళతో సహా సెట్‌గా కట్టారు. అసలు చార్మినార్ ఊళ్ళోనే ఉంది కదా అనిపిస్తుంది. కానీ అక్కడ పెద్ద హీరోతో రోజుల తరబడి, రాత్రిళ్ళు షూటింగ్ చేయడం ఎలా? జనాన్ని ఆపాలి, దుకాణాలు మూయించాలి, ట్రాఫిక్ మళ్ళించాలి, పురావస్తు శాఖ రక్షణలో ఉన్న కట్టడం మీద లైట్లు కట్టకుండా పనిచేయాలి. రోజుకు పది సీన్లు అనుకుని రెండు తీసి వెనక్కి రావాల్సి వస్తుంది. పది లక్షలు రోజు ఖర్చయ్యే సినిమాలో ఎనిమిది రోజులు అదనంగా పడితే ఎనభై లక్షలు గాలిలో కలిసినట్టే. సెట్లో అయితే గోడ అడ్డమొస్తే గోడనే తీసేస్తారు. పైకప్పు లేకుండా కట్టి లైట్లు పైనుంచి వేస్తారు. అర్ధరాత్రి అయినా మీదే రాజ్యం.

తిరగబడ్డ ఉదాహరణా ఉంది. ఆర్ఆర్ఆర్‌లో నాటు నాటు పాటను 2021లో ఉక్రెయిన్ రాజధాని కీవ్‌లోని మారియిన్‌స్కీ ప్యాలెస్ ముందు తీశారు. అది ఆ దేశాధ్యక్షుడి అధికారిక భవనం. ఆ స్థాయి భవనాన్ని, ఆవరణను సెట్‌గా కట్టడం కంటే అక్కడికి వెళ్ళడమే తెలివైన పని. ప్రొడక్షన్ డిజైనర్ సాబు సిరిల్ ఉన్న సినిమాలోనే ఇలా చేశారంటే, డిజైనర్ పని కట్టడమే కాదు, ఎక్కడ కట్టనక్కర్లేదో చెప్పడం కూడా అని అర్థం చేసుకోవచ్చు.

నా మటుకు నాకు, మామూలు బడ్జెట్ సినిమా అయితే ముందు లొకేషన్ వెతకమనే చెబుతాను. అసలు ఇంట్లో ఉన్న చిన్న చిన్న వంకరలు సెట్‌లో తెప్పించడం చాలా కష్టం.

వీఎఫ్ఎక్స్, ఏఐ వచ్చాక ఈ పని ఉంటుందా?

మాయాబజార్‌లో ద్వారక నగరాన్ని సుమారు 300 చిన్న చిన్న ఇళ్ళ నమూనాలతో కట్టి, మార్కస్ బార్ట్లే కెమెరాతో నిజం ఊరిలా చూపించారు. కట్టగలిగింది కట్టి, మిగతాది కనికట్టు చేయడం అప్పటినుంచీ ఉన్నదే. బాహుబలికి రామోజీ ఫిల్మ్ సిటీలో మాహిష్మతి కోట సెట్ వేశారు, ఆ పైన కనిపించే మిగతా నగరం కంప్యూటర్లో వచ్చింది. ఎంతవరకు చెక్క, ఎక్కడినుంచి గ్రీన్ మ్యాట్ (తర్వాత గ్రాఫిక్స్ నింపడానికి కట్టే ఆకుపచ్చ తెర) అన్న గీత ఎవరు గీయాలి? డిజైనరే. ఆ గీత పక్కా లెక్కతో గీయకపోతే గ్రాఫిక్స్ బిల్లు సెట్ ఖర్చును మించిపోతుంది.

2024లో వచ్చిన కల్కి 2898 ఏడీలో బుజ్జి అనే కారు చూశారు కదా. నితిన్ జిహానీ చౌదరి ప్రొడక్షన్ డిజైనర్. ఆ కారును గ్రాఫిక్స్‌తో సరిపెట్టకుండా మహీంద్రా, కోయంబత్తూరు జయం సంస్థల ఇంజనీర్లతో కలిసి దాదాపు 6 టన్నుల బరువుతో నిజంగా తయారుచేశారు. అది రోడ్ల మీద ఊరూరా తిరిగింది కూడా.

ఏఐ బొమ్మలు ఇప్పటికే మీటింగుల్లో కనిపిస్తున్నాయి. దర్శకుడికి ఒక ఊహ చూపించడానికి బాగానే పనికొస్తాయి. కాకపోతే ఆ బొమ్మలో మెట్లు ఎటు వెళ్తున్నాయో, స్తంభం ఎంత మందమో బొమ్మకే తెలియదు. కార్పెంటర్ అడిగేది కొలత. కొలత ఇవ్వగలిగిన మనిషికి పని ఉంటుంది. ఫొటోలు ఏరి కూర్చడం ఒక్కటే చేతనైన అసిస్టెంట్లకు మాత్రం గడ్డుకాలమే.

వీళ్ళిద్దరికీ పడదని అంటారు, నిజమేనా?

పడకపోవడం సహజం. ఒకరు అడుగుతారు, ఒకరు కాదంటారు. పెళ్ళింట్లో డెకరేషన్ చూసే మేనమామకీ, ఖర్చు చూసే నాన్నకీ మధ్య ఉండే వ్యవహారమే ఇది.

అసలు గొడవలు డబ్బు కంటే టైము దగ్గర వస్తాయి. పన్నెండు రోజుల్లో సెట్ ఇస్తానని డిజైనర్ అంటారు. తొమ్మిదో రోజున దర్శకుడు వచ్చి కిటికీ అటువైపు కావాలంటాడు. మేనేజర్ అప్పటికే నటుల డేట్లు ఖాయం చేసి ఉంటారు. పెయింట్ ఆరకుండానే షూటింగ్ మొదలవుతుంది, తెర మీద గోడ మెరుస్తుంది, తిట్లు డిజైనర్‌కి పడతాయి. ఇలాంటిచోట అనుభవం ఉన్న ఇద్దరు ఏం చేస్తారంటే, దర్శకుడి చేత మోడల్ మీదే మార్పులు చెప్పించుకుని, అక్కడితో తలుపు మూసేస్తారు. కెమెరామన్‌ని కూడా అప్పుడే పిలుస్తారు. నాలుగు గోడల్లో ఏ మూడు కెమెరాకి కనపడతాయో తెలిస్తే నాలుగోది కట్టే పని తప్పుతుంది. ఆ నాలుగో గోడ డబ్బుతోనే మిగతా మూడు గోడలు బాగా వస్తాయి. ఖర్చు తెలిసిన డిజైనర్, ఫ్రేమ్ తెలిసిన మేనేజర్ దొరకడం కష్టం. దొరికినవాళ్ళను నిర్మాతలు వదలరు.

ఏం చదవాలి?

డిజైన్ వైపు అయితే ఫైన్ ఆర్ట్స్, ఆర్కిటెక్చర్, ఇంటీరియర్ డిజైన్ ఏదైనా పునాది అవుతుంది. హైదరాబాద్ మాసాబ్ ట్యాంక్‌లోని జవహర్‌లాల్ నెహ్రూ ఆర్కిటెక్చర్ అండ్ ఫైన్ ఆర్ట్స్ యూనివర్సిటీ, విశాఖ ఆంధ్ర విశ్వవిద్యాలయం ఫైన్ ఆర్ట్స్ విభాగం దగ్గర్లో ఉన్న దారులు. సినిమా కోసమే చదవాలంటే పుణే ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ ఎఫ్‌టీఐఐలో ఆర్ట్ డైరెక్షన్, ప్రొడక్షన్ డిజైన్ కోర్సు ఉంది. ప్రొడక్షన్ వైపు కోల్‌కతా సత్యజిత్ రే ఇన్‌స్టిట్యూట్‌లో నిర్మాణం మీద ప్రత్యేక కోర్సు ఉంది. మేనేజర్ పనికి మన దగ్గర డిగ్రీ ఎవరూ అడగరు. కానీ బీకాం చదివి, ఎక్సెల్ బాగా వచ్చి, జీఎస్టీ బిల్లు చూడగానే తప్పు పట్టగలిగిన కుర్రాడు మిగతావాళ్ళ కంటే త్వరగా పైకొస్తాడు.

మేస్త్రీ దగ్గర నేర్చుకునే పాత పద్ధతి పోలేదు. తోట తరణి తన తండ్రి, కళా దర్శకుడు తోట వెంకటేశ్వరరావు దగ్గర పని నేర్చుకుని వచ్చినవారే.

బొమ్మలు వేయడం రాదు. డిజైన్‌లోకి రావచ్చా?

రావచ్చు, కొంచెం కష్టం. స్కెచ్‌అప్, ఆటోక్యాడ్ లాంటివి నేర్చుకుంటే డ్రాఫ్టింగ్ వైపు, వస్తువుల మీద ఆసక్తి ఉంటే ప్రాపర్టీ విభాగం (సీన్లో వాడే సామాన్లు చూసేది) వైపు వెళ్ళొచ్చు. కానీ లొకేషన్‌లో నిలబడి, కాగితం మీద పెన్నుతో రెండు నిమిషాల్లో ఆలోచన చూపించగలగాలి. అందంగా రానక్కర్లేదు, అర్థమైతే చాలు.

యూనియన్ కార్డు తప్పనిసరా?

హైదరాబాద్‌లో చాలావరకు అవును. 24 క్రాఫ్ట్స్, అంటే సినిమా పనిలోని 24 విభాగాలు అని మీరు వినే ఉంటారు. ఆ యూనియన్లన్నీ తెలుగు ఫిల్మ్ ఇండస్ట్రీ ఎంప్లాయీస్ ఫెడరేషన్ కింద ఉంటాయి. ఆర్ట్ విభాగానికి, ప్రొడక్షన్ ఎగ్జిక్యూటివ్‌లకు వేర్వేరు యూనియన్లు. మొదట్లో అసిస్టెంట్‌గా, అప్రెంటిస్‌గా చేరి, అనుభవం చూపించి సభ్యత్వం తీసుకుంటారు. ఫీజు, నిబంధనలు నేరుగా యూనియన్ ఆఫీసుకే వెళ్ళి కనుక్కోండి. కార్డు ఇప్పిస్తానని మధ్యలో డబ్బు అడిగేవాడికి రూపాయి ఇవ్వకండి.

కార్డు వల్ల లాభం వేతనాల దగ్గర కనిపిస్తుంది. 2025 ఆగస్టులో 30 శాతం పెంపు అడుగుతూ కార్మికులు 18 రోజులపాటు షూటింగులు ఆపారు. చివరకు రోజుకు రెండు వేల లోపు వేతనం ఉన్నవాళ్ళకు మూడేళ్ళలో కలిపి 22.5 శాతం పెంచడానికి ఒప్పందం కుదిరింది. సెట్ ఖర్చులో కూలీ భాగం చాలా ఎక్కువ కాబట్టి, ఇలాంటి ఒప్పందం వచ్చిన మర్నాడే డిజైనర్, మేనేజర్ ఇద్దరూ తమ అంచనాలు తిరగరాసుకోవాలి.

సంపాదన ఎలా ఉంటుంది?

మొదటి రెండు మూడేళ్ళు తక్కువగానే ఉంటుంది, హైదరాబాద్ అద్దెలకు ఇంటినుంచి సాయం కావాల్సి రావచ్చు. అసిస్టెంట్లకు రోజు లెక్కనో నెల లెక్కనో ఇస్తారు. డిజైనర్‌కి సినిమాకి ఇంత అని మాట్లాడుకుంటారు. కొందరు సెట్ నిర్మాణం కూడా ప్యాకేజీగా తీసుకుంటారు. అందులో లాభం ఉంది, కానీ దర్శకుడు మార్పులు చెప్పిన ప్రతిసారీ నష్టపోయేది మీరే. కొత్తవాళ్ళు ప్యాకేజీ జోలికి వెళ్ళకపోవడం మంచిది.

సినిమాకీ సినిమాకీ మధ్య ఖాళీ నెలలు ఉంటాయి. ఇంట్లోవాళ్ళకు ఈ మాట ముందే చెప్పండి. 2022 ఆగస్టు ఒకటి నుంచి నిర్మాతలే ఖర్చులు పెరిగాయని షూటింగులు ఆపినప్పుడు, రోజుకూలీ మీద బతికేవాళ్ళు, చిన్న మేనేజర్లు బాగా ఇబ్బందిపడ్డారు. ప్రకటనలు, వెబ్ సిరీస్‌లు, పెళ్ళి ఈవెంట్లు కూడా చేసేవాళ్ళు ఆ ఖాళీని తట్టుకోగలుగుతున్నారు.

పన్ను గురించి ఒక చిన్న విచిత్రం. 1962 నాటి ఆదాయపు పన్ను నిబంధనల్లో "ఫిల్మ్ ఆర్టిస్ట్" అన్న జాబితాలో ఆర్ట్ డైరెక్టర్, అసిస్టెంట్ ఆర్ట్ డైరెక్టర్ ఉన్నారు. ప్రొడక్షన్ మేనేజర్ పేరు అందులో లేదు! పన్ను శాఖకు కూడా మేనేజర్ కంటబడలేదన్నమాట. ఏదేమైనా మీ ఫీజులో టీడీఎస్ (ముందే కోసుకునే పన్ను) పట్టుకుంటే సర్టిఫికెట్ అడిగి తీసుకోండి, ఏటా రిటర్ను వేయండి.

పర్మిషన్లు ఎవరు చూస్తారు?

మేనేజర్. ఈ ఉద్యోగంలో టెన్షన్ ఎక్కువ పెట్టేది ఇదే. రోడ్డు మీద అయితే పోలీసులు, స్థానిక సంస్థ. గోల్కొండ లాంటి చోట భారత పురావస్తు సర్వే. రైలు, స్టేషన్ అయితే రైల్వే. డ్రోన్ ఎగరేయాలంటే విమానాశ్రయానికి ఎంత దూరంలో ఉన్నామో ముందు చూడాలి.

జంతువులు ఉంటే జంతు సంక్షేమ బోర్డు అనుమతి షూటింగ్‌కి ముందే తీసుకోవాలి. ఆ కాగితం లేకుండా సెన్సార్‌కి వెళ్తే అక్కడ ఆగిపోతారు. వెనకాల నడిచిపోయే ఎద్దుకి కూడా ఇది వర్తిస్తుంది. డిజైనర్ సరదాగా సెట్ మూలన ఒక కోడిని పెట్టిస్తే, మేనేజర్‌కి ఒక ఫైలు పెరుగుతుంది.

పిల్లలతో పనిచేయించడానికి చట్టం ఇంకా గట్టిగా ఉంది. జిల్లా అధికారి అనుమతి కావాలి. రోజుకు ఐదు గంటలకు మించకూడదు, విరామం లేకుండా మూడు గంటలకు మించకూడదు. వాళ్ళ సంపాదనలో కనీసం 20 శాతం వాళ్ళ పేరు మీద ఫిక్స్‌డ్ డిపాజిట్ చేయాలి. చిన్నపిల్లలున్న సీన్లను కాల్‌షీట్‌లో మొదటే పెట్టడానికి కారణం ఇదే.

సెట్ కాలిపోతే?

కాలిపోయిన సందర్భాలు ఉన్నాయి. 2017 నవంబరులో అన్నపూర్ణ స్టూడియోలో మనం సినిమా సెట్, 2019 మేలో కోకాపేటలో సైరా సెట్ మంటల్లో పోయాయి. ప్లైవుడ్, థర్మాకోల్, గుడ్డ, ఫైబర్, ఆ పైన పెయింటు, మధ్యలో వేడెక్కే లైట్లు, తాత్కాలిక వైరింగ్. ఇంతకంటే తేలిగ్గా అంటుకునేది ఇంకేముంటుంది?

ఇన్సూరెన్స్ నిర్మాత తీసుకోవాలి, తీసుకునేలా మేనేజర్ వెంటపడాలి. ఫైర్ ఎక్స్‌టింగ్విషర్లు, నీళ్ళ ట్యాంకర్, బయటికి వెళ్ళే రెండో దారి డిజైనర్ ప్లాన్లోనే ఉండాలి. సెట్ అందం పాడవుతుందని రెండో దారి మూసేస్తే ఒప్పుకోకండి, ఎవరు చెప్పినా సరే. ఎత్తు మీద పనిచేసే సెట్టింగ్ కార్మికులకు బెల్టులు, హెల్మెట్లు ఇవ్వడం ఇప్పటికీ అన్నిచోట్లా జరగట్లేదు. ఇది మన పరిశ్రమకు తలవంపులే.

అమ్మాయిలకు ఈ పనులు సరిపడతాయా?

రంగస్థలం, పుష్ప సినిమాల లోకాలను తయారుచేసిన జంటలో రామకృష్ణతో పాటు మోనిక ఉన్నారు. డిజైన్ వైపు అమ్మాయిలు బాగానే వస్తున్నారు. మేనేజర్ల వైపు ఇంకా తక్కువ. రాత్రి షూటింగులు, ఊరుగాని ఊళ్ళో బసలు కారణమని చెబుతారు. నిజానికి లొకేషన్‌లో శుభ్రమైన టాయిలెట్ లేకపోవడం అంతకంటే పెద్ద కారణం, దాన్ని ఏర్పాటు చేయాల్సింది కూడా ప్రొడక్షన్ విభాగమే. పదిమంది, అంతకుమించి పనిచేసే చోట లైంగిక వేధింపుల ఫిర్యాదుల కోసం అంతర్గత కమిటీ ఉండాలని 2013 చట్టం చెబుతుంది. చేరేముందు ఆ కమిటీలో ఎవరున్నారని అడగడం మీ హక్కు.

మేనేజర్ నిర్మాత కావచ్చా? డిజైనర్ దర్శకుడు కావచ్చా?

అవుతున్నారు. హిందీలో బ్లాక్ అనే సినిమాకి పనిచేసిన ఆర్ట్ డైరెక్టర్ ఒముంగ్ కుమార్ 2014లో మేరీ కోమ్‌తో దర్శకుడయ్యారు. హిచ్‌కాక్ కూడా తొలిరోజుల్లో టైటిల్ కార్డులు గీసి, ఆర్ట్ డైరెక్షన్ చేసినవాడే. మేనేజర్లకు నిర్మాణం దగ్గరి దారే, ఎందుకంటే డబ్బు ఎక్కడ లీకవుతుందో వాళ్ళకు తెలిసినట్టు ఇంకెవరికీ తెలియదు. కాకపోతే ఖర్చు ఆపడం తెలిసినవాళ్ళందరికీ కథ ఎంచుకోవడం రాదు.

పోర్ట్‌ఫోలియోలో ఏం పెట్టాలి?

డిజైన్ వైపు అయితే అందమైన బొమ్మలు ఇరవై పెట్టకండి. ఒకే స్థలాన్ని మొదటి స్కెచ్ నుంచి కొలతల ప్లాను, కట్టేటప్పటి ఫొటో, చివరగా సినిమాలో ఆ ఫ్రేమ్ వరకు చూపించండి. అనుభవం లేకపోతే మీ ఊళ్ళో ఒక పాత ఇంటిని తీసుకోండి. టేపు పట్టుకుని కొలిచి ప్లాను గీయండి, ఆ ఇంట్లో 1975లో ఒక సీను జరిగితే ఏమేం మార్చాలో రాయండి. ఏ డిజైనర్ అయినా ఆ ఒక్క పేజీ దగ్గర ఆగి చూస్తారు.

ప్రొడక్షన్ వైపు, ఒక షార్ట్ ఫిల్మ్‌కి మీరు వేసిన బడ్జెట్, అసలు అయిన ఖర్చు పక్కపక్కన పెట్టండి. రెండూ సమానంగా ఉంటే నమ్మరు. తేడా ఎక్కడ వచ్చిందో వివరించగలిగితే నమ్ముతారు.

మొదటి అవకాశం వచ్చింది. ఒప్పుకునేముందు ఏం అడగాలి?

డబ్బు ఎంత, ఎప్పుడెప్పుడు ఇస్తారు అన్నది మెయిల్‌లోనో వాట్సాప్‌లోనో రాతపూర్వకంగా అడగండి, మొహమాటపడకండి. సినిమా ఆలస్యమైతే అదనపు నెలలకు లెక్క ఏమిటి, ఔట్‌డోర్‌లో బస, భోజనం, ప్రయాణం ఎవరిది, టైటిల్స్‌లో ఏ హోదాతో పేరు వేస్తారు అన్నవీ అందులోనే తేల్చుకోవాలి. మీ జేబులోంచి సామాన్లు కొనమంటే మొదటి రోజే కాదనండి. అడ్వాన్స్ తీసుకుని, బిల్లు ఇచ్చి, లెక్క అప్పజెప్పి, తర్వాత మళ్ళీ అడ్వాన్స్ తీసుకోండి. చివరి చెల్లింపు విడుదల దాకా ఆగకుండా షూటింగ్ ముగిసి గుమ్మడికాయ కొట్టే రోజుకల్లా చేతికి వచ్చేలా మాట్లాడుకోండి. ఆ తర్వాత ఆఫీసులో ఫోన్లు ఎత్తేవాళ్ళు తగ్గిపోతారు.